నల్లగీత ముదురుగా ఉంటే ఆ మూలకం ఎక్కువున్నట్టేనా? సూర్యమచ్చలు, సూర్యుడి వర్ణపటం

మీ ప్రశ్నల సారాంశం ఇది. కాలేజీలో 70 మి.మీ. వ్యాసం, 700 మి.మీ. నాభ్యంతరం (ముందు కటకం నుంచి బొమ్మ పడే నాభి దాకా దూరం) ఉన్న రిఫ్రాక్టర్, అంటే కటకాల టెలిస్కోప్ ఉంది, దానితో సూర్యమచ్చలు గీయాలి. డీవీడీ ముక్కతో కట్టిన స్పెక్ట్రోస్కోప్‌లో రంగులు వస్తున్నాయి కానీ నల్లగీతలు (ఒక్కో మూలకం తనకు చెందిన రంగుల కాంతిని మింగినచోట పడేవి) రావడం లేదు. సూర్యుడి బరువులో ముప్పావు వంతు హైడ్రోజనే అయితే కాల్షియం గీతలు అంత ముదురుగా ఎందుకున్నాయి, హీలియం గీత అసలు ఎందుకు కనబడదు, మచ్చలో ఉన్న పదార్థం వేరేదా?

చివరి మూడు ప్రశ్నలకూ జవాబు ఒక్కచోటే ఉంది. అది ఉష్ణోగ్రత. అక్కడికి వెళ్లేలోపు పరికరం సరిగ్గా నిలబడాలి, అంతకన్నా ముందు కళ్లు భద్రంగా ఉండాలి.

టెలిస్కోప్ ముందు భాగాన్ని పూర్తిగా కప్పే సోలార్ ఫిల్మ్ లేకుండా ఐపీస్‌లో కన్ను పెట్టకూడదు. బాడర్ ఆస్ట్రోసోలార్ 5.0 రకం ఫిల్మ్ లక్ష వంతుల్లో ఒక వంతు కాంతినే లోపలికి వదులుతుంది. వాడే ప్రతిసారీ ముందుగా ఫిల్మ్‌ను ఆకాశానికి ఎదురుగా పట్టి చిల్లులున్నాయేమో చూడండి, గాలికి ఊడిపోకుండా మూడు చోట్ల టేపు వేయండి. పాత టెలిస్కోపులతో ఐపీస్‌కి బిగించే ముదురు గాజు ఫిల్టర్ ఒకటి వచ్చేది. నాభి దగ్గర వేడికి అది ఒక్కసారిగా పగులుతుంది, కాబట్టి మీ పెట్టెలో ఉంటే పారేయండి. ఎక్స్‌రే ఫిల్ములు, మసి పట్టిన గాజులు, సీడీలు కూడా పనికిరావు. చాలామంది మరిచిపోయేది ఫైండర్, అంటే గురిచూడటానికి పైన బిగించే చిన్న టెలిస్కోప్: దాన్ని తీసేయండి, లేదా మూత వేసి టేపు అంటించండి.

పది మంది విద్యార్థులు ఒకేసారి చూడాలంటే, కొలతలు తీసుకోవాలంటే సూర్యబింబాన్ని తెరమీద పడేయడమే మేలు. ఫిల్మ్ తీసేసి ఐపీస్ వెనక తెల్లకాగితం పెట్టే పద్ధతి ఇది. డయాగొనల్ (కాంతిని పక్కకు మళ్లించే అద్దం) తీసేయాలి, ప్లాస్టిక్ ఐపీస్‌లు కరుగుతాయి, కటకాలు అతికించి చేసిన ఖరీదైన ఐపీస్‌లు పాడవుతాయి. లోహపు గొట్టంలో అతుకుల్లేని కటకాలున్న పాత హైగెన్స్ రకం దీనికి సరిపోతుంది. టెలిస్కోప్ పక్కన ఒక మనిషి ఎప్పుడూ కాపలా ఉండాలి.

దూరం లెక్క సులువే. నాభి దగ్గర సూర్యబింబం వ్యాసం నాభ్యంతరంలో 0.0093 వంతు, అంటే మీ టెలిస్కోప్‌కి 6.5 మి.మీ. దాన్ని 150 మి.మీ. వృత్తంగా పెంచాలంటే 23 రెట్లు కావాలి. 20 మి.మీ. ఐపీస్ అయితే తెర 24 × 20 = 480 మి.మీ. దూరంలో ఉండాలి. 150 మి.మీ. వృత్తం ముందే గీసిన కాగితాన్ని అట్టకు క్లిప్పులతో బిగించి, ఎండ నేరుగా తెరమీద పడకుండా గొట్టం చుట్టూ పెద్ద అట్ట తొడగండి. ఉదయం 8 నుంచి 10 మధ్య గీస్తే మంచిది. ఆ తర్వాత నేల, డాబా వేడెక్కి బింబం అంచు ఉడుకుతున్నట్టు కదులుతుంది, చిన్న మచ్చలు అందులో కలిసిపోతాయి.

దిక్కులు ఊహించి రాయకండి. టెలిస్కోప్‌ను సూర్యుడి వెంట తిప్పే మోటారు ఉంటే ఆపేసి ఒక మచ్చను దాని దారిన పోనివ్వండి. అది జరిగిన గీతే తూర్పు-పడమర గీత, అది పోతున్న వైపు పడమర. కాగితం మీద తేదీ, సమయం తప్పనిసరిగా రాయాలి, మన గడియారం నుంచి 5 గంటల 30 నిమిషాలు తీసేసి అంతర్జాతీయ సమయంగా రాయడం మంచిది. మచ్చల లెక్కకు స్విట్జర్లాండ్ ఖగోళవేత్త రుడాల్ఫ్ వోల్ఫ్ 1848లో పెట్టిన పద్ధతినే ఇప్పటికీ వాడుతున్నారు: గుంపుల సంఖ్యను 10తో గుణించి విడి మచ్చల సంఖ్య కలపాలి. ఒంటరి మచ్చ ఒక్కటే ఉంటే అది ఒక గుంపు, ఒక మచ్చ కాబట్టి 11 అవుతుంది. మీ అంకె బెల్జియం రాయల్ అబ్జర్వేటరీ ప్రకటించే అంకెతో కలవదు, కలవనక్కర్లేదు కూడా. కొన్ని నెలల లెక్కలు పోల్చితే మీ టెలిస్కోప్‌కి, మీ కంటికి సరిపడే గుణకం తేలుతుంది.

మధ్యరేఖ దగ్గరున్న మచ్చ మనకు రోజుకు సుమారు 13.2 డిగ్రీలు తిరిగినట్టు కనిపిస్తుంది. మీ కాగితం మీద వృత్తకేంద్రం నుంచి పడమరగా 37.5 మి.మీ. దూరంలో ఉన్న మచ్చ 30 డిగ్రీల దగ్గర ఉన్నట్టు, ఎందుకంటే 37.5ను వ్యాసార్ధం 75తో భాగిస్తే 0.5. మర్నాడు అదే వేళకు అది 51 మి.మీ. దగ్గర ఉండాలి. లేకపోతే ముందు వృత్తం సరిగ్గా పడిందా అని చూడండి. సూర్యుడి అక్షం మనవైపు 7.25 డిగ్రీల వరకు వాలుతుంది కాబట్టి మార్చిలో, సెప్టెంబరులో మచ్చల దారి వంపుగా కనిపిస్తుంది. జూన్, డిసెంబరు మొదటివారాల్లో దారి తిన్నని గీతే, కొత్తగా మొదలుపెట్టేవాళ్లకు ఆ నెలలు అనుకూలం.

ఇక స్పెక్ట్రోస్కోప్. రంగులు వచ్చి గీతలు రాకపోతే పదింట తొమ్మిదిసార్లు తప్పు స్లిట్‌దే, అంటే కాంతి లోపలికొచ్చే సన్నని చీలికదే. అట్టలో బ్లేడుతో కోసిన చీలిక అర మిల్లీమీటరు దాకా ఉంటుంది, అంచులు పీచులుగా ఉంటాయి. వర్ణపటం అంటే ఆ చీలిక బొమ్మే ఒక్కో రంగులో ఒక్కోచోట పక్కపక్కన పడటం. చీలిక వెడల్పుగా ఉంటే పక్క రంగుల బొమ్మలు ఒకదానిమీద ఒకటి ఎక్కి నల్లగీతను పూడ్చేస్తాయి. రెండు షేవింగ్ బ్లేడులను ఎదురెదురుగా అంటించి, మధ్యలో 0.1 మి.మీ. సందు వదలండి. మామూలు జిరాక్స్ కాగితం మందం సుమారు అంతే ఉంటుంది కాబట్టి దాన్ని బ్లేడుల మధ్య నిలబెట్టి అంటించాక లాగేస్తే సరిపోతుంది.

డీవీడీలో గాడుల మధ్య దూరం 740 నానోమీటర్లు, సీడీలో 1600. స్లిట్ 0.1 మి.మీ., స్లిట్ నుంచి డీవీడీకి 300 మి.మీ. దూరం పెడితే పసుపు రంగు దగ్గర మీ పెట్టె తరంగదైర్ఘ్యంలో 0.25 నానోమీటర్ల తేడాను విడదీయగలదు. సోడియం జంట గీతల మధ్య ఎడం 0.6 నానోమీటర్లు కాబట్టి అవి రెండుగా కనిపించాలి. అదే కొలతలతో సీడీ వాడితే 0.5 దగ్గర ఆగిపోతుంది, ఆ జంట దాదాపు ఒకే గీతగా అతుక్కుంటుంది. అందుకే సీడీని వదిలేయమంటాను.

రాయగలిగే డీవీడీ తీసుకోండి. అది రెండు పలకలు అతికించిన బిళ్ల. అంచున బ్లేడు దూర్చి విడదీసి, మెరుపు పొర అంటని పారదర్శక పలకను స్పిరిట్‌తో కడిగితే ఊదారంగు పోతుంది. బయటి అంచు వైపు నుంచి ముక్క కోయండి, అక్కడ గాడులు కాస్త తిన్నగా ఉంటాయి. ఆ ముక్కలో 3, 4 మి.మీ. పట్టీ మాత్రం తెరిచి ఉంచి మిగతాది నల్ల టేపుతో మూయండి. గాడులు స్లిట్‌కు సమాంతరంగా ఉండాలి, ఇది వంకరైతే గీతలు వాలిపోయి మసకబారతాయి. కాంతి డీవీడీ మీద నిటారుగా పడితే నీలం 36 డిగ్రీల దగ్గర, ఎరుపు 62 డిగ్రీల దగ్గర బయటికి వస్తాయి కాబట్టి ఫోన్‌ని సుమారు 50 డిగ్రీల వాలులో బిగించండి. పెట్టె లోపల మెరవని నలుపు వేయాలి. వర్ణపటం పొడవునా అడ్డంగా సన్నని నల్లచారలు కనిపిస్తే అవి సూర్యుడివి కావు, స్లిట్ అంచున ఉన్న దుమ్ము.

ఫోన్‌లో ప్రో మోడ్ పెట్టి ఫోకస్‌ను అనంతానికి బిగించి, ఐఎస్‌ఓ 100కు తగ్గించి, హెచ్‌డీఆర్ ఆపేయండి. పసుపు, ఆకుపచ్చ భాగాలు తెల్లబారితే గీతలు కనబడవు, ఎక్స్‌పోజర్ ఇంకా తగ్గించాలి. స్లిట్‌ని సూర్యుడివైపు నేరుగా తిప్పొద్దు. నీలాకాశం చాలు, అందులోనూ అవే గీతలు ఉంటాయి. ఎండ పడుతున్న తెల్లకాగితం చాలామంది వాడతారు కానీ అందులో ఒక మోసం ఉంది. కాగితానికి తెల్లదనం కోసం కలిపే రసాయనం అతినీలలోహితాన్ని మింగి నీలం కాంతిని వదులుతుంది, దాంతో నీలం వైపు గీతలు పూడిపోతాయి. ప్లంబర్లు వాడే తెల్ల టెఫ్లాన్ టేపును అట్టకు నాలుగైదు పొరలు చుట్టి వాడితే ఆ ఇబ్బంది ఉండదు.

తరంగదైర్ఘ్యాల కొలబద్ద ఇంట్లోనే ఉంది. పాత స్విచ్ బోర్డులో ఎర్రగా వెలిగే నియాన్ ఇండికేటర్ 585.25, 614.31, 640.22 నానోమీటర్ల దగ్గర గీతలిస్తుంది. పాత సీఎఫ్‌ఎల్ బల్బులోని పాదరసం 435.83, 546.07 దగ్గర ఇస్తుంది. ఈ ఐదు బిందువులతో పిక్సెల్ స్థానానికీ తరంగదైర్ఘ్యానికీ ఒక వంపు గీత వేయండి. సరళరేఖ వేస్తే చివర్లలో కొన్ని నానోమీటర్ల తప్పు వస్తుంది, డీవీడీ అంత పెద్ద కోణాల్లో విరజిమ్ముతుంది మరి. ఎల్‌ఈడీ బల్బులు దీనికి పనికిరావు, వాటిలో గీతలే ఉండవు.

ఇప్పుడు చూడాల్సినవి: 656.28 దగ్గర హైడ్రోజన్, 589.59, 589.00 దగ్గర సోడియం జంట, 518.36 నుంచి 516.73 వరకు మెగ్నీషియం గుంపు, 486.13 దగ్గర మళ్లీ హైడ్రోజన్, 430.8 దగ్గర కార్బన్-హైడ్రోజన్ అణువు, ఇనుము కలిసిన పట్టీ. కాల్షియం గీతలు 396.85, 393.37 దగ్గర ఉంటాయి, చాలా ఫోన్లకు అవి అందవు. సోడియం దగ్గర ఒక ప్రయోగం తప్పక చేయండి. స్లిట్ సగానికి ఆకాశం కాంతి, మిగతా సగానికి ఉప్పు చల్లిన స్పిరిట్ దీపం మంట పడేలా పెట్టండి. మంటలోని పసుపు గీతలు నల్లగీతలకు సరిగ్గా కొనసాగింపుగా నిలబడతాయి. 1859లో జర్మన్ భౌతిక శాస్త్రవేత్త కిర్కాఫ్ పట్టుకున్న సంగతి ఇదే. సూర్యుడిలో సోడియం ఉందని నమ్మడానికి ఇంతకన్నా సూటి సాక్ష్యం వేరే అక్కర్లేదు.

కానీ ఎంత ఉంది అన్నది గీత ముదురుదనం చూసి చెప్పలేం. లెక్క వేద్దాం. సూర్యుడి ఉపరితల ఉష్ణోగ్రత సుమారు 5770 కెల్విన్లు. ఎర్ర హైడ్రోజన్ గీత పుట్టాలంటే పరమాణువు ముందే రెండో శక్తి స్థాయిలో ఉండాలి, అది అడుగు స్థాయికి 10.2 ఎలక్ట్రాన్ వోల్టుల పైన ఉంది. ఆ వేడిలో 20 కోట్ల హైడ్రోజన్ పరమాణువుల్లో సుమారు ఒక్కటే అక్కడ ఉంటుంది. కాల్షియం సంగతి వేరు. 10 లక్షల హైడ్రోజన్ పరమాణువులకు కాల్షియం రెండే, అయితే వాటిలో దాదాపు అన్నీ ఒక ఎలక్ట్రాన్ పోగొట్టుకుని, ఆ ఊదా గీతలను మింగడానికి సిద్ధంగా అడుగు స్థాయిలోనే ఉంటాయి. భాగించి చూడండి: పనికొచ్చే ఒక్కో హైడ్రోజన్ పరమాణువుకి పనికొచ్చే కాల్షియం అయాన్లు (ఎలక్ట్రాన్ పోగొట్టుకున్న పరమాణువులు) 400 పైచిలుకు. గీత చెప్పేది ఆ ఒక్క స్థాయిలో ఉన్నవాళ్ల హాజరు మాత్రమే, ఊరి జనాభా కాదు. ఏ వేడిలో ఎన్ని పరమాణువులు అయాన్లుగా మారతాయో మేఘనాథ్ సాహా 1920లో సమీకరణం ఇచ్చారు. దాన్ని నక్షత్రాల గీతలకు వర్తింపజేసిన ఖగోళవేత్త సిసీలియా పేన్ 1925లో హైడ్రోజనే అన్నిటికన్నా ఎన్నో రెట్లు ఎక్కువని తేల్చారు. పెద్దలు నమ్మకపోవడంతో ఆ ఫలితం నిజం కాకపోవచ్చని ఆమె తన సిద్ధాంత గ్రంథంలోనే రాయాల్సి వచ్చింది. నాలుగేళ్లకు అదే సరైనదని ఒప్పుకున్నారు.

హీలియంకి ఇదే కారణం, ఇంకా గట్టిగా. 587.56 నానోమీటర్ల పసుపు గీతకు ఎలక్ట్రాన్ దాదాపు 21 ఎలక్ట్రాన్ వోల్టుల ఎత్తులో ఉండాలి. 5770 కెల్విన్ల దగ్గర అక్కడ లెక్కలోకి వచ్చేంత ఎవరూ ఉండరు. అందుకే సూర్యుడి బరువులో పావు వంతు హీలియమే అయినా మీ వర్ణపటంలో దాని నల్లగీత ఉండదు. బింబం అంచున ఎగిసే వేడి జ్వాలల్లో మాత్రం అదే గీత వెలుగుతూ కనబడుతుంది. 1868 ఆగస్టు 18 సంపూర్ణ గ్రహణం నాడు గుంటూరులో జాన్సెన్, మచిలీపట్నంలో పోగ్సన్ అనే ఖగోళవేత్తలు ఆ జ్వాలల వర్ణపటాన్నే చూశారు. జాన్సెన్ మర్నాడు పొద్దున్నే గ్రహణం లేకుండానే మళ్లీ ఆ వెలుగు గీతలు పట్టుకున్నారు. ఇంగ్లండ్‌లో లాకియర్ అక్టోబరులో చూసి, ఆ పసుపు గీత సోడియందగ్గర ఉన్నా సోడియంది కాదని తేల్చారు. భూమి మీద హీలియం దొరకడానికి 1895 దాకా, రామ్సే ఒక యురేనియం ఖనిజాన్ని పరీక్షించేదాకా ఆగాల్సి వచ్చింది.

విద్యార్థులు ఎక్కువగా పడే గోతి ఆక్సిజన్. 686.7 దగ్గర నల్లగా ముదురు పట్టీ ఒకటి ఉంటుంది, పట్టికలో ఆక్సిజన్ అని ఉంటుంది. సూర్యుడిలో ఆక్సిజన్ నిజంగానే ఉంది, 10 లక్షల హైడ్రోజన్‌కి సుమారు 490 చొప్పున, ఇనుముకి పదిహేను రెట్లు. అయినా మీరు చూసిన పట్టీ మన గాలిది. మధ్యాహ్నం ఒక ఫోటో, సూర్యుడు పడమట పది డిగ్రీల ఎత్తుకు దిగాక ఒకటి తీసి పక్కపక్కన పెట్టండి. సాయంత్రం కాంతి ఐదింతలకు పైగా గాలిని దాటి వస్తుంది కాబట్టి ఆ పట్టీ బాగా ముదురుతుంది, మెగ్నీషియం గుంపు మాత్రం అలాగే ఉంటుంది. కోస్తాలో ఉక్కపోత రోజుల్లో సోడియం జంటకు ఎరుపు వైపున మసక పట్టీ వస్తే అది నీటిఆవిరి. ఇనుము గీతలు వందలాది కనిపిస్తాయని ఇనుమే ఎక్కువ అనుకోవడం ఇంకో పొరపాటు. ఇనుము పరమాణువులో శక్తి స్థాయిలు కిక్కిరిసి ఉండటం వల్ల గీతలు అన్ని వస్తాయి, అంతే.

ఇప్పుడు మచ్చ దగ్గరికి. పదార్థం వేరు కాదు. బలమైన అయస్కాంత క్షేత్రం కింద నుంచి వేడి పైకి రాకుండా అడ్డుకోవడంతో అక్కడ ఉష్ణోగ్రత 4000 కెల్విన్లకు పడిపోతుంది. చల్లబడగానే గీతల పట్టిక మారుతుంది. పై హైడ్రోజన్ లెక్కను 4000 దగ్గర మళ్లీ వేస్తే రెండో స్థాయిలో ఉన్నవి పదివేల రెట్లు తగ్గిపోతాయి. మామూలు ఉపరితలం మీద వేడికి విడిపోయే టైటానియం ఆక్సైడ్ లాంటి అణువులు మచ్చ నడిమి నలుపులో నిలబడతాయి. అక్కడ నీటిఆవిరి గీతలను కూడా 1995లో గుర్తించారు. ఒకే పదార్థానికి రెండు వేర్వేరు వర్ణపటాలు! గీతలు ముందుగా ఉష్ణోగ్రతను చెబుతాయనడానికి సూర్యుడే పెట్టి చూపించిన ప్రయోగం ఇది.

దీన్ని మీ పరికరాలతో కొంతవరకు చూడొచ్చు. నాభి దగ్గర 6.5 మి.మీ. బింబంలో 30 ఆర్క్‌సెకన్ల (ఆర్క్‌సెకను అంటే డిగ్రీలో 3600వ వంతు) మచ్చ 0.1 మి.మీ. మాత్రమే, స్లిట్‌కు చిక్కదు. 150 మి.మీ. తెర మీద అదే 2.3 మి.మీ. అవుతుంది. తెర మధ్యలో స్లిట్ పెట్టి వెనక స్పెక్ట్రోస్కోప్ బిగించండి. ఈ అమరికలో లోపలికి కన్ను పెట్టకూడదు, ఫోన్‌తోనే తీయాలి. మోటారు లేకపోతే బింబం సెకనుకి 1.2 మి.మీ. జరుగుతుంది కాబట్టి మచ్చ రెండు సెకన్లలో స్లిట్ దాటుతుంది. వీడియో తీసి ఫ్రేములు ఏరుకోండి. మచ్చ పడినచోట వర్ణపటం పొడవునా అడ్డంగా ముదురు పట్టీ ఉంటుంది, నీలం వైపు మరింత ముదురుగా. 4000 కెల్విన్లకు లెక్క ప్రకారం పక్క భాగంతో పోలిస్తే 430 నానోమీటర్ల దగ్గర 8 శాతం, 656 దగ్గర 18 శాతం వెలుగు ఉండాలి. మీకు 25, 35 శాతం వచ్చినా కంగారు పడకండి. ఐపీస్‌లో చెదిరిన కాంతి, కదిలే గాలి చుట్టుపక్కల వెలుగును మచ్చలోకి తెచ్చి కలుపుతాయి. పెద్ద మచ్చ ఎంచుకుంటే ఆ కల్తీ తగ్గుతుంది.

అంతకుమించి చూడాలంటే క్రిస్టియన్ బుయిల్ రూపొందించిన సోల్‌ఎక్స్ అనే సూర్య స్పెక్ట్రోస్కోప్ ఉంది. 3డీ ప్రింటర్‌తో చేసే డబ్బా, 10 మైక్రాన్ల వెడల్పు, 4.5 మి.మీ. పొడవున్న స్లిట్, మిల్లీమీటరుకు 2400 గీతల గ్రేటింగ్ (డీవీడీ ముక్కలా కాంతిని రంగులుగా విడదీసే పలక), 80, 125 మి.మీ. కటకాలు. బింబం మొత్తం స్లిట్‌లో పట్టాలంటే టెలిస్కోప్ నాభ్యంతరం 480 మి.మీ. మించకూడదు, మీ 700తో రెండు ముక్కలుగా స్కాన్ చేయాలి. 2.4 మైక్రాన్ల పిక్సెళ్ల కెమెరాతో ఒక్కో పిక్సెల్‌కు సుమారు 0.006 నానోమీటర్లు వస్తాయి. దానితో మొదట 630 నానోమీటర్ల ప్రాంతానికి వెళ్లండి. 630.15, 630.25 దగ్గర సూర్యుడి ఇనుము గీతలు రెండు, వాటి పక్కనే 630.20, 630.28 దగ్గర మన గాలిలోని ఆక్సిజన్ గీతలు రెండు ఉంటాయి. స్లిట్‌ను తూర్పు అంచు నుంచి పడమర అంచుకు తీసుకెళ్తే సూర్యుడి భ్రమణం వల్ల ఇనుము గీతలు ఒక పిక్సెల్ పైగా ఎరుపు వైపు జరుగుతాయి, ఆక్సిజన్ గీతలు కదలవు. పెద్ద మచ్చ మీద 2500 గాస్ (అయస్కాంత క్షేత్రం బలానికి కొలమానం) క్షేత్రం ఉంటే 630.25 గీత 0.023 నానోమీటర్ల మేర, అంటే మూడున్నర పిక్సెళ్లు విడిపోతుంది. హేల్ 1908లో మౌంట్ విల్సన్ మీద మచ్చల అయస్కాంతత్వాన్ని కనిపెట్టింది ఇలాంటి చీలిక చూసే. మరుసటి ఏడాది కొడైకెనాల్‌లో ఎవర్షెడ్ మచ్చ చుట్టూ ఉండే ఉపచ్ఛాయలో వాయువు బయటికి పారుతోందని గీతల జరుగుడు బట్టి పట్టుకున్నారు. మీకు చీలిక స్పష్టంగా రాక గీత లావెక్కినట్టు మాత్రమే కనిపిస్తే, అదే ఫ్రేములో పక్కనున్న ఆక్సిజన్ గీతను చూడండి. అదీ లావెక్కితే ఫోకస్ చెడింది. అది సన్నగానే ఉండి ఇనుము ఒక్కటే లావెక్కితే మీరు చూస్తున్నది మచ్చలోని అయస్కాంత క్షేత్రాన్ని.